తత్వం నా పేరుతో, మాయాకథ కలంపేరుతో: ఏది మానేయాలి?

ఈ ఉత్తరం వసిష్ఠ గోదావరి ఒడ్డున, కోనసీమ వైపు ఉన్న ఒక ఊరి నుంచి వచ్చింది. చాలా పెద్ద ఉత్తరం. ఊరి పేరు, తన పేరు బయటపెట్టొద్దన్నారు కాబట్టి గుర్తుపట్టే వీలున్న వివరాలు తీసేసి సారాంశం ఇస్తున్నాను.

రాసినావిడకు 48 ఏళ్లు. రోజూ పంటు మీద నది దాటి వెళ్లి అవతల ఒడ్డున ఒక డిగ్రీ కాలేజీలో సంస్కృతం చెబుతారు. వేదాంతం మీద పీహెచ్‌డీ చేశారు. వాళ్ల నాన్నగారు ఆ చుట్టుపక్కల పేరున్న ప్రవచనకారులు. ఉపనిషత్తులు, వసిష్ఠుడు రాముడికి చేసిన బోధగా చెప్పే యోగవాసిష్ఠం ఏళ్ల తరబడి చెప్పారు. ఆయన పోయాక ఆ పీట ఈమెదేనని అందరూ అనేసుకున్నారు, ఈమెను అడగకుండానే. ఒక ఆధ్యాత్మిక మాసపత్రికలో నెలనెలా ఈమె తాత్విక వ్యాసం వస్తుంది, సొంత పేరుతో.

ఇంకో రచన కూడా ఉంది. నాలుగేళ్లుగా ఒక కథల యాప్‌లో కలంపేరుతో ఫాంటసీ సీరియల్ రాస్తున్నారు. గోదారి అడుగున ఒక నగరం ఉంటుంది. వరదల్లో కొట్టుకుపోయినవాళ్లంతా అక్కడ బతికే ఉంటారు గానీ ఎవరికీ తమ పేరు గుర్తుండదు. తమ్ముణ్ని వెతుక్కుంటూ పడవ నడిపే ఒక అమ్మాయి అందులోకి దిగుతుంది. మొసలి ముఖాల కాపలావాళ్లు, దీపాలు మింగే చేపలు, గుర్తుచేసుకోవడం నేరమని శాసించే ఒక మహాముని. వేలమంది చదువుతున్నారు. సీరియలంతా పంటు మీద వస్తూ పోతూ ఫోన్‌లో రాసిందే. వ్యాసాలు మాత్రం నాన్నగారి బల్ల దగ్గరే రాస్తారట. "మావారు అంటారండీ, తత్వానికి శాలువాలొచ్చాయి, మొసళ్లకి ఫ్రిజ్జొచ్చింది అని."

ఇప్పుడు చిక్కు రెండు వైపుల నుంచీ ఒకేసారి వచ్చింది. కార్తీకమాసంలో నాన్నగారి శిష్యులు ఈమె వ్యాసాలను పుస్తకంగా వేస్తున్నారు. ముందుమాట రాయాల్సింది నాన్నగారి ముఖ్య శిష్యులు, ఊరంతా మాస్టారు అని పిలిచే 78 ఏళ్ల పెద్దాయన. సీరియల్ సంగతి ఎవరో ఆయన చెవిన వేశారు. "ఆ మొసళ్ల కథలు రాసే చేత్తో ఆత్మవిచారం ఎలా రాస్తావమ్మా? ఏదో ఒకటి తేల్చుకో. అది మానేస్తేనే నేను ముందుమాట రాసేది" అన్నారు. అదే వారంలో విజయవాడ ప్రచురణకర్త ఒకరు ఫోన్ చేసి సీరియల్‌ను పుస్తకంగా వేస్తామన్నారు. అయితే అట్ట మీద అసలు పేరు, ఫొటో ఉండాలట. సంస్కృతం లెక్చరర్ రాసిన ఫాంటసీ అంటే అమ్ముడుపోతుందని వాళ్ల లెక్క. నెలాఖరులోగా జవాబు కావాలి. భర్త వేయించమంటున్నారు. ఆడపడుచు పరువు పోతుందంటున్నారు. ఇంటర్ చదివే కూతురు ఆ సీరియల్‌కి అభిమాని, రాసేది తల్లేనని తెలియదు. ఒకరోజు అన్నం తింటూ, "ఈమధ్య ముని డైలాగులు ఎక్కువైపోయాయమ్మా, అచ్చం నీ వ్యాసంలా క్లాసు పీకుతున్నాడు" అందట. అప్పటినుంచి సీరియల్ ఆగిపోయింది. వ్యాసమూ కదలడం లేదు.

చివరి పేజీలో, "ఇది సందర్భం కాదేమో" అంటూ ఒక పేరా రాశారు. 1986 ఆగస్టు వరదలో ఈమె ఆరేళ్ల తమ్ముడు కొట్టుకుపోయాడు. అప్పటికి ఈమెకు తొమ్మిదేళ్లు. తల్లి నేల మీద పడి ఏడుస్తుంటే నాన్నగారు "శోకం అజ్ఞానం" అన్నారట. ఆయన ఏడవలేదు. కర్మకాండ అయ్యాక మళ్లీ ప్రవచనం మొదలుపెట్టారు. అప్పటినుంచి ఆ ఇంట్లో ఆ పిల్లాడి పేరు ఎవరూ పలకరు. తల్లి ఇప్పుడు ఈమె దగ్గరే ఉంటారు. సీరియల్ గురించి ఆమెకు తెలియదు. ధవళేశ్వరం దగ్గర మొదటి ప్రమాద హెచ్చరిక ఇచ్చారంటే చాలు, తల్లీకూతుళ్లిద్దరికీ నిద్ర ఉండదు. "వ్యాసాల్లో నేను నాన్నగారి మాటే రాస్తాను. సీరియల్లో అదే మాట ముని చేత అనిపించి, అతన్ని దుర్మార్గుణ్ని చేశాను. మాస్టారు ఇంకా ఆ భాగాలు చదవలేదు. ఈ రెండింటిలో నేను ఎక్కడో అబద్ధం చెబుతున్నాను. ఎక్కడో చెప్పండి."

*

అమ్మా,

సందర్భం కాదేమోనన్న ఆ పేరా నుంచే మొదలుపెడతాను. మిగతా పేజీల్లో మీరు అడిగినవన్నీ దాని చుట్టూనే తిరుగుతున్నాయి. పేరు, ముందుమాట, ఫొటో... వీటికి గడువులున్నాయి కాబట్టి పెద్దవిగా కనబడుతున్నాయి.

మీరు అబద్ధం చెబుతున్నారని నేను అనుకోవడం లేదు. ఎందుకో చెప్పడానికి మీ సొంత పుస్తకాల్లోకే రావాలి. మీకు తెలియనిది చెప్పబోవడం లేదు, మీకు బాగా తెలిసినదాన్నే మీ ఇంటి విషయం పక్కన పెట్టి చూడమంటున్నాను.

యోగవాసిష్ఠంలో లీల కథ ఉంది కదా. రాణి లీలకు భర్త అంటే ప్రాణం. అతను పోతే ఎలా అన్న భయంతో సరస్వతిని కొలిచి, చనిపోయినా అతని జీవం ఈ గది దాటి పోకూడదని వరం అడుగుతుంది. అతను పోతాడు. లీల ఊరుకోదు. ఆ గదిలోని ఆకాశంలోనే ఇంకో లోకం, అందులో ఇంకో పేరుతో రాజ్యం ఏలుతున్న తన భర్తను వెతికి పట్టుకుంటుంది. చివరికి అతను లేచి కూర్చుంటాడు కూడా. ఈ కథ చెప్పే వసిష్ఠుడు మధ్యలో ఎక్కడా ఆగి, ఇలా వెతకడం అజ్ఞానమమ్మా ఇంటికి వెళ్లు అని ఆమెను గదమడు. ఆమె వెతుకులాటలోంచే జ్ఞానం పుట్టనిస్తాడు. మీ పడవ పిల్ల చేస్తున్న పని దీనికి ఎంత దూరం? మీకు తెలియకుండానే మీరు నాన్నగారి గ్రంథానికి చాలా దగ్గరగా ఉన్నారు.

ఇంకోటి దీనికంటే ముఖ్యం. నన్నయ రాజమహేంద్రవరంలో తెనిగించిన ఆదిపర్వంలోనే ఉంది. వసిష్ఠుడి నూరుగురు కొడుకులు చనిపోయారు. అప్పుడు ఆ బ్రహ్మజ్ఞాని ఏం చేశాడు? మేరువు మీద నుంచి దూకాడు. అగ్నిలో ప్రవేశించాడు. సముద్రంలో పడ్డాడు. ఏదీ అతన్ని తీసుకోకపోతే ఒళ్లంతా తాళ్లతో కట్టుకుని నదిలో దూకాడు. నది ఆ కట్లు విప్పి ఒడ్డున పడేసింది. కోడలు అదృశ్యంతి కడుపులోంచి వేదధ్వని వినబడి, వంశం మిగిలి ఉందని తెలిశాక గానీ ఆ ప్రయత్నాలు ఆగలేదు. శోకం గురించి రాముడికి అంత బోధ చేసినాయన కథ ఇది. మీరు రోజూ దాటే పాయకు ఉన్నది ఆయన పేరే.

కాబట్టి శోకం అజ్ఞానమన్న మాటను మీ సంప్రదాయం తీసిపారేయదు, నిజమే. అయితే ఆ మాటను ఎవరితో, ఎప్పుడు అనాలో కూడా అదే సంప్రదాయానికి బాగా తెలుసు. యోగవాసిష్ఠంలో వేల శ్లోకాలు, ఎన్నో కథలు నడిచాక నెమ్మదిగా చేరే చోటు అది. ఆరేళ్ల కొడుకును ఏరు తీసుకుపోయిన రోజున తల్లి ముందు అనే మాట కాదు. అక్కడ అది సత్యంగా వినబడదు, నోరుమూసుకో అన్నట్టు వినబడుతుంది. తొమ్మిదేళ్ల మీరూ అలాగే విన్నారు. వ్యాసాల్లో ఆ మాట సత్యమని రాస్తున్నారు. సీరియల్లో ఆ మాట నోరు మూయించిందని రాస్తున్నారు. రెండూ నిజమే. వేర్వేరు నిజాలు. ఇన్నాళ్లూ అవి వేర్వేరు పేర్ల కింద ఉన్నాయి కాబట్టి ఒకదాన్నొకటి చూసుకోలేదు, అంతే.

మీ నాన్నగారి వైపు నుంచి కూడా ఒక మాట. ఆయన ఏడవలేదని రాశారు. ఏడవలేదో, మీకు కనబడేలా ఏడవలేదో మీకు తెలిసే వీలు లేదు. తన దగ్గరున్న మాటల్లో గట్టివి అవేననుకుని భార్యకు ఇచ్చి ఉంటారు. లేదా ఆ మాట తనకు తాను చెప్పుకున్నారేమో. ఆయన్ని వెనకేసుకురావడానికి ఇది చెప్పడం లేదు, ఆ మాట వల్ల మీ ఇంట్లో ఒక పిల్లాడి పేరే లేకుండా పోయింది, అది చిన్న నష్టం కాదు. మీ సీరియల్ ఎక్కడ ఆగిందో చూశాను కాబట్టి చెబుతున్నాను. పడవ పిల్ల ముని కొలువులోకి వచ్చింది, అక్కడ బండి నిలిచిపోయింది. మీ అమ్మాయి పట్టుకున్న లోపం సరైనదే. ముని డైలాగులు ఎందుకు పెరిగాయి? మీరు అతనితో వాదిస్తున్నారు కాబట్టి. వాదించేవాడికి కథలో చేయాల్సిన పనేమీ మిగల్లేదు. ఆ మునికి కూడా ఏరు తీసుకుపోయినవాళ్లు ఎవరైనా ఉన్నారా? గుర్తుచేసుకోవడం నేరమని శాసనం చేసిన రోజున అతను ఎవరిని మరిచిపోవాలనుకున్నాడు? మీరు ఆ జవాబు రాస్తే అతను దుర్మార్గుడిగా మిగలకపోవచ్చు, మిగలనూ వచ్చు. కథ మాత్రం కదులుతుంది.

వ్యాసం సంగతి కూడా అలాంటిదే. నాన్నగారి బల్ల దగ్గర కూర్చుని నాన్నగారు చేరిన చోటునే మళ్లీ మళ్లీ చేరుతున్నారు. ఒక్క వ్యాసం పంటు మీద రాసి చూడండి. వసిష్ఠుడు ఎందుకు దూకాడు అన్న ప్రశ్నతో మొదలుపెట్టి, జవాబు దొరక్కపోతే దొరకలేదనే రాయండి. పత్రికకు పంపాలా వద్దా అన్నది తర్వాత.

ఇక మాస్టారి ప్రశ్న: ఆ చేత్తో ఇది ఎలా రాస్తావు? ఇలా రాసినవాళ్లకు లోటేం లేదు. రాజమండ్రిలో మధిర సుబ్బన్న దీక్షితులు గారు సంస్కృత పండితులై ఉండి కాశీమజిలీ కథలు పన్నెండు భాగాలు రాశారు. ఇంగ్లండ్‌లో ఓలాఫ్ స్టేపుల్డన్ తత్వశాస్త్రంలో డాక్టరేటు తీసుకుని 1929లో నీతిశాస్త్రం మీద గ్రంథం వేశారు, మరుసటి ఏడాదే రాబోయే కోట్ల ఏళ్లలో మనుషులు ఎలా మారిపోతారో ఊహించి ఒక మహాకథ వేశారు. రెండూ ఒక్క పేరుతోనే. ఈరోజు ఆయన్ని లోకం తలుచుకునేది ఎక్కువగా కథల వల్లే. మాస్టారికి ఇంగ్లండ్ కబుర్లు అక్కర్లేదంటారా, యోగవాసిష్ఠంలోనే ఒక గారడీవాడు నెమలీకల కుంచె ఆడించగానే లవణ మహారాజు సింహాసనం మీద కూర్చున్నచోటే ఒక చండాలుడి బతుకంతా బతికి, కరువులో పిల్లల్ని చూసుకుని, తిరిగి కళ్లు తెరుస్తాడు. మీ మొసలి ముఖాలు అంతకంటే విడ్డూరమా? ఈ కథను మాస్టారు సభల్లో ఎన్నిసార్లు చెప్పి ఉంటారో.

అలాగని ఆయన అభ్యంతరాన్ని చాదస్తమని తోసేయకండి. అందులో ఒక పస ఉంది. తాత్విక వ్యాసం చదివేవాడు, రాసినావిడ తాను నమ్మిందే రాస్తోందన్న భరోసాతో చదువుతాడు. కథలో ఎవరి చేతైనా ఏమైనా అనిపించవచ్చు. ఒకే మనిషి రెండూ రాస్తే, కథలోని ముని ఓడిపోయినప్పుడు వ్యాసంలోని మాట కూడా ఓడిపోయిందని కొందరు చదువుకుంటారు. నాన్నగారి శిష్యులు తమను వెక్కిరించారనుకోవచ్చు. మాస్టారు ఈ భయాన్ని సరిగ్గా చెప్పలేక మొసళ్ల మీద పెట్టారేమో. దీనికి మీ దగ్గర జవాబుండాలి. అట్ట మీద ఏ పేరున్నా ఈ ప్రశ్న వస్తుంది.

ఇప్పుడు దారులు. మీ ముందు రెండే ఉన్నాయని మీరు రాశారు, నాకు ఇంకొన్ని కనబడుతున్నాయి.

సీరియల్ మానేసి ముందుమాట తీసుకోవడం ఒకటి. కార్తీకంలో సభ సజావుగా జరుగుతుంది, ఆడపడుచుగారు సంతోషిస్తారు. నా అభిప్రాయం అడిగితే ఇది అన్నిటికంటే ఖరీదైన దారి. ఒక షరతుకు మానేసిన రచయితను రెండో షరతు అడగడం తేలిక. పైగా మీరు మానేసేది కథను మాత్రమే కాదు, మీ ఇంట్లో మీ తమ్ముడి గురించి మాట్లాడుతున్న ఒకే ఒక్క చోటును. అయినా మాస్టారితో అనుబంధమే ఎక్కువని మీకు అనిపిస్తే, అది మీ ఇష్టం, అందులో తప్పేం లేదు. అలా అయితే కొంతకాలం ఆపుతున్నానని చెప్పండి. ఇక రాయనని మాటిచ్చేయకండి.

దీనికి ఎదురుదారి: వ్యాసాలు మానేయడం. దీని గురించి మీరు అసలు ఆలోచించలేదు, అదే నాకు వింతగా ఉంది. ఆ పీట మీరు కోరుకున్నదేనా అని మిమ్మల్ని ఎవరూ అడగలేదు, నేను అడుగుతున్నాను. జవాబు నాకు రాయక్కర్లేదు. మీ ఉత్తరంలో పంటు గురించి రాసిన వాక్యాల్లో ఉన్న ఊపు, బల్ల గురించి రాసిన వాక్యాల్లో లేదని మాత్రం చెప్పగలను.

మూడోది, రెండు పేర్లనూ అలాగే ఉంచి పుస్తకం కలంపేరుతోనే వేయించడం. ప్రచురణకర్త ఒప్పుకోరని ముందే అనుకోకండి. వాళ్లు అడిగింది బేరంలో మొదటి మాట. వేలమంది పాఠకులు ఎరిగింది ఆ కలంపేరునే, మీ అసలు పేరును కాదు. చందమామ చదువుతూ పెరిగిన తరానికి అందులోని ధారావాహికలు ప్రాణం. వాటిని రాసిన దాసరి సుబ్రహ్మణ్యం గారి పేరు చాలామందికి ఎన్నో ఏళ్ల తర్వాత గానీ తెలియలేదు. కథలకు ఏ లోటూ రాలేదు. అయితే ఒకటి, కలంపేరు గోడ అనుకుంటే పొరపాటు. ఆక్స్‌ఫర్డ్‌లో లెక్కలు చెప్పిన చార్లెస్ డాడ్జ్‌సన్ గారు గణితం సొంత పేరుతోనూ, 1865లో పిల్లల మాయాకథను లూయిస్ కరోల్ అనే పేరుతోనూ వేశారు. ఆ ఇద్దరూ ఒకరేనని బయటివాళ్ల దగ్గర ఒప్పుకునేవారు కాదు. చివరికి 1896లో తర్కశాస్త్రం మీద పుస్తకం వేసినప్పుడు ఆయనే దాని మీద కరోల్ అని పెట్టుకున్నారు. మీ విషయంలో గోడకు ఇప్పటికే కన్నం పడింది. మాస్టారి చెవిన వేసినవాళ్లు ఆయనతోనే ఆగుతారా? గోదారి జిల్లాల్లో ఒక కబురు లాకులు దాటడానికి ఎంతసేపు పడుతుందో మీకు నేను చెప్పక్కర్లేదు. కలంపేరును రహస్యంగా కాకుండా ఒక సౌకర్యంగా ఉంచుకోండి. ఎవరైనా అడిగితే అవునండీ నేనేనని చెప్పగలిగేలా.

నాలుగోది, ప్రచురణకర్త అడిగినట్టే సొంత పేరు, ఫొటో. లాభాలు మీకు తెలుసు. దీనికి వెనక్కి తిరిగే దారి లేదని కూడా తెలుసు. కలంపేరుతో మొదలుపెట్టి తర్వాత పేరు చెప్పుకోవచ్చు, చెప్పేసిన పేరును తీసేసుకోలేం. ఇక్కడ మీరు, మీవారు, ఆడపడుచుగారు ముగ్గురూ పొరబడుతున్న విషయం ఒకటుంది. మీ పేరు అట్ట మీద పడితే ఊళ్లోవాళ్లు మొసళ్ల దగ్గర ఆగరు. వరదలో పోయిన తమ్ముడు, వెతికే అక్క, గుర్తుచేసుకోవద్దని చెప్పే ముని. 1986 వరద చూసిన వయసువాళ్లు మీ ఊళ్లో ఇంకా ఎంతమంది ఉన్నారు? వాళ్లకు మొదటి పేజీలోనే తెలిసిపోతుంది ఇది ఎవరింటి కథో. యాప్‌లో ఎక్కడో ఉన్న పాఠకుడికి అది ఫాంటసీ. మీ వీధిలో అది మీ ఇల్లు. పరువు గురించి మీ ఆడపడుచుగారికి ఉన్న భయం నాకు పెద్దగా లెక్క కాదు. మీ అమ్మగారు ఆ పుస్తకం గురించి పక్కింటావిడ నోట వినడం మాత్రం లెక్కే.

అందుకే పేరు ఏం పెట్టాలన్నది ఇప్పుడు తేల్చే విషయం కాదు. ముందు అమ్మగారితో మాట్లాడాలి. సీరియల్ రాస్తున్నానని, అందులో తమ్ముడున్నాడని, పేరు పెట్టి చెప్పాలి. ఆమె ఏమంటారో నాకు తెలియదు. చదివి వినిపించమనవచ్చు. ఇన్నేళ్ల తర్వాత ఎందుకమ్మా అని గోడవైపు తిరిగి పడుకోవచ్చు. ఇంకెప్పుడూ ఆ మాట ఎత్తొద్దనవచ్చు. వద్దంటే, ఆమె ఉన్నంతకాలం సొంత పేరుతో పుస్తకం వద్దనుకోవడం న్యాయమని నాకనిపిస్తుంది. కథ రాయడం ఆపాలని కాదు. మీ శోకం మీది, దాన్ని రాసుకునే హక్కు మీకుంది. ఆమె శోకాన్ని ఊరి ముందు పెట్టే హక్కు ఆమెను అడిగాకే వస్తుంది.

ఈ మాట ఎత్తడానికి నది పోటు మీద ఉన్న రోజులు ఎంచుకోకండి. నీళ్లు తీశాక, మామూలు పగటిపూట, ఏదో పని చేసుకుంటూ మాట్లాడండి. మాట్లాడాక ఇద్దరిలో ఎవరికైనా నిద్ర మరీ చెడిపోతే, తిండి సయించకపోతే, ఇన్నేళ్ల సంగతి కదా అని ఊరుకోకండి. టెలీ మానస్ 14416 ప్రభుత్వ హెల్ప్‌లైన్, డబ్బులు కట్టక్కర్లేదు, తెలుగులో మాట్లాడతారు. పాత దుఃఖానికి కూడా వైద్యం ఉంది. దీనికీ వేదాంతానికీ పోటీ లేదు.

మీ అమ్మాయి సంగతి తేలిక. "అచ్చం నీ వ్యాసంలా" అన్న పిల్లకు ఇంకా తెలియదని మీరు నమ్ముతున్నారు చూడండి, నాకు నవ్వొచ్చింది. తెలిసే అని ఉంటుంది, లేదా తెలుసుకునే అంచున ఉంది. చెప్పేయండి. ముని గురించి ఆమె దగ్గర ఇంకా మంచి సలహాలుండొచ్చు.

మాస్టారి దగ్గరకు మీరే వెళ్లండి, ఫోన్‌లో వద్దు. ఆయన ఆ భాగాలు ఇంకెవరి ఫోన్‌లోనో చదవకముందే వెళ్లాలి. ముని కొలువు భాగాలు పెద్ద అక్షరాల్లో ప్రింటు తీయించి ఆయన చేతికివ్వండి. ముందుమాట కోసం వచ్చానని మొదలుపెట్టకండి. "మాస్టారూ, ఇందులో నాన్నగారి మాట ఒకటుంది, దాన్ని నేను ఇలా విన్నాను, మీరు చదివి చెప్పండి" అనండి. ఆయన కూడా ఆ రోజుల్లో మీ ఇంటికి వచ్చిపోయినవారే కదా. మీ నాన్నగారు ఏడ్చారో లేదో చెప్పగలిగినవాళ్లు ఈ లోకంలో ఇంకా ఎవరైనా ఉంటే, బహుశా ఆయనే. చదివాక కోప్పడి ముందుమాట రాయనన్నారనుకోండి, పుస్తకం ముందుమాట లేకుండా వస్తుంది, లేదా కార్తీకం దాటి వస్తుంది. ముందుమాట లేక ఆగిపోయిన పుస్తకాన్ని నేనింకా చూడలేదు. ఆయన దూరమైతే మాత్రం అది నిజమైన నష్టం, దానికి సిద్ధపడే వెళ్లండి.

ఇక కాగితాల సంగతి, మీవారికి ఇది చూపించండి. ముందు ఆ యాప్‌లో మీరు సరే అని నొక్కిన షరతులు తీసి చదవండి. పుస్తకం హక్కులు మీ దగ్గరే ఉన్నాయా, వాళ్లకు రాసిచ్చేశారా అన్నది తేలకుండా ఇంకొకరితో ఒప్పందం చేసుకోకూడదు. ప్రచురణకర్తతో ఏదైనా రాతపూర్వకంగానే. 1957 కాపీరైటు చట్టం ప్రకారం హక్కుల బదిలీ సంతకంతో కాగితం మీద ఉంటేనే చెల్లుతుంది. ఎన్నేళ్లకో రాయకపోతే అయిదేళ్లకని, ఎక్కడికో రాయకపోతే దేశం వరకేనని అర్థం. ఆ ఖాళీలు మీరే నింపండి. ఆడియో, సినిమా, వెబ్ సిరీస్ హక్కులు పుస్తకంతో కలిపి ఒకే లైనులో రాసేస్తారు, వాటిని విడదీయమనండి. హక్కులు అమ్మినా, ఇది నా రచన అని చెప్పుకునే హక్కు మీతోనే ఉంటుంది. కలంపేరుతో వేసిన పుస్తకానికి ప్రచురించినప్పటి నుంచి 60 ఏళ్లు రక్షణ. ఆలోపు రచయిత ఎవరో వెల్లడైతే, మీ జీవితకాలం, ఆపైన 60 ఏళ్లు. కాబట్టి పేరు తర్వాత చెప్పుకుంటే చట్టపరంగా మీకు పోయేదేమీ లేదు. కాలేజీలో బయటి రచనలకు, వాటి ఆదాయానికి అనుమతి అడగాలేమో మీ ఆఫీసులో కనుక్కోండి.

నెలాఖరు గడువు గురించి మీకు చాలా టెన్షన్ ఉన్నట్టుంది. ప్రచురణకర్తకు ఫోన్ చేసి, వేయడానికి నాకిష్టమే, పేరు, ఫొటో విషయంలో ఇంట్లో పెద్దావిడతో మాట్లాడాల్సింది ఉంది, సంక్రాంతి దాటాక చెబుతాను అనండి. ఒప్పందం నమూనా ఈలోగా పంపమనండి. వేలమంది పాఠకులున్న కథను రెండు మూడు నెలలు ఆలస్యమవుతుందని ఎవరూ వదులుకోరు. వదులుకుంటే ఇంకొకరు వేస్తారు.